ఈశ్వరయ్య పేరు లేని జర్మన్ నాటకం

ఎవరి గురించీ, ఈశ్వరయ్య గురించా? కూర్చో అమ్మా హంసికా. ఆ ఫోన్ బోర్లా పెట్టావేం, రికార్డింగ్ ఏమైనా నడుస్తోందా? లేదూ? సరేలే. వాడు పోయి పదకొండేళ్ళయింది. ఇన్నేళ్ళలో ఒక్క ప్రాణి వాడి ఊసెత్తలేదు, ఇవాళ థియేటర్ నుంచి నువ్వొచ్చి వాడి నోట్‌బుక్కులు కావాలంటున్నావు. అనుమానం రాదూ మరి? వాడు తర్జుమా చేసిన ఆ జర్మన్ నాటకమే మళ్ళీ వేస్తున్నారు, ఈసారి వాడి పేరు వేస్తారు, దానికి రుజువుగా చేతిరాత కావాలి. అంతేగా? అంకుల్ అంకుల్ అంటూ తియ్యగానే అడుగుతున్నావులే.

నువ్వు పుట్టకముందు సంగతి ఇది. అమెరికా వచ్చిన కొత్తలో, ఇదే ఫార్మింగ్టన్ హిల్స్‌లో నేనూ వాడూ ఒకే అపార్ట్‌మెంట్, ఇద్దరం కార్ల బ్రేకుల డిజైన్‌లో. వాడు అంతకుముందు జర్మనీలో ఆరేళ్ళు చేసొచ్చాడు, జర్మన్ గడగడా మాట్లాడేవాడు. ఎవరో చెబితే మీ థియేటర్ వాళ్ళు పిలిచారు. మీ పద్ధతి నీకు తెలిసిందేగా? జర్మన్ వచ్చినవాడు మక్కికి మక్కి ఇంగ్లీషులో రాసివ్వాలి. జర్మన్ ముక్క రాని పేరున్న రచయిత ఒకాయన దాన్ని నున్నగా చేసి, పైన పెద్దక్షరాలతో తన పేరు వేసుకుంటాడు. 'అదేంట్రా, వండేది నువ్వు, మెప్పు ఆయనకా?' అన్నా. నవ్వేశాడు. వాడికి అన్నిటికీ నవ్వే.

ఆ నాటకమూ నవ్వుల నాటకమేనమ్మా. ఊళ్ళో ఒక ముసలాయన పోతాడు, ఆయన కోటు కోసం ఊరు ఊరంతా కొట్టుకుంటుంది. చివరికి అంత్యక్రియలకి పాస్టరుగారే ఆ కోటు తొడుక్కొచ్చేస్తాడు, దాని చేతులు మోకాళ్ళ దాకా వేలాడుతూ! వీడు రాస్తూ రాస్తూ పడీపడీ నవ్వి, 'ఒరే బ్రహ్మయ్యా, ఇది విను' అంటూ నా పొయ్యి మీద కూర మాడగొట్టేవాడు. మరి ఆ రచయిత ఏం చేశాడు? హాస్యమంతా పీకి పారేశాడు. జర్మన్లు నవ్వరని ఎవరు చెప్పారో మహానుభావుడికి! స్టేజీ అంతా చీకటి, పొగ, మాటకీ మాటకీ మధ్య అరనిమిషం మౌనం. పాస్టరు కోటులో వచ్చాడు. హాలంతా చర్చిలో ఉన్నట్టు బిగుసుకుని కూర్చుంది. మావాడొక్కడే పగలబడి నవ్వాడు. ముందు వరసలో ఒకావిడ వెనక్కి తిరిగి 'ష్‌ష్' అని కసిరింది. వాడి మొహం నేను చూడలేకపోయాను.

పేపర్లో ఏం రాశారనుకున్నావ్? జర్మన్ నాటకం కదా, బరువుగానే ఉంటుంది, ఓపిక పట్టి చూడాలట! 'నేను రాసిచ్చింది ఇది కాదురా అని చెప్పుకోడానికి, నా పేరన్నా లేదు అందులో' అన్నాడు. మళ్ళీ జర్మన్ పుస్తకం ముట్టలేదు. అందుకే మీరంటే నాకు నమ్మకం లేదు. ఈసారి ఆ హాస్యం ఉంచుతారా? కాయితం మీద రాసిస్తావా?

ఏంటది, ఉత్తరమా? మీ పాత ఫైల్లో దొరికిందా? ఏదీ, ఇటివ్వు.

...ఊఁ. సంతకం వాడిదే.

టైప్ చేసింది నేను. 'దయచేసి నా పేరు వేయవద్దు' అని వాడు రాసినట్టుగా, నేనే. అప్పుడు వాడు హెచ్-వన్ వీసా మీద ఉన్నాడమ్మా, గ్రీన్‌కార్డు పేపర్లు నడుస్తున్నాయి. బయట పని చేశావని తెలిస్తే నిన్ను పంపించేస్తారు, పేరు వేస్తామంటోంది ఇరికించడానికేరా అని భయపెట్టా. 'నేను డబ్బు తీసుకోలేదుగా, ఏం కాదులేరా' అని రెండ్రోజులు బతిమాలాడు. నేను వినలేదు. బలవంతాన సంతకం పెట్టించి, నా చేత్తో పోస్ట్ చేశా. మీవాళ్ళు అడిగారమ్మా. రెండుసార్లు మర్యాదగా అడిగారు.

నోట్‌బుక్కులు బేస్‌మెంట్‌లో హీటర్ పక్కన నీలం పెట్టెలో ఉన్నాయి. పో, తెచ్చుకో. లైటు స్విచ్ ఎడం వైపు.