మెలకువగా ఉన్న నేరం

అబ్బ, ఏం నటన మరిదిగారూ! ఎత్తిన సుత్తి ఎత్తినట్టే, తెరిచిన నోరు తెరిచినట్టే. కొయ్యబొమ్మ కూడా నీ ముందు దిగదుడుపే. కానీ ఒక్క మాట. వీధి చివర్నుంచి వస్తూ చూశాను నిన్ను. నీ కొట్టు గుమ్మంలో మెడ గోక్కుంటున్నావు. నా బండి చక్రం కీచుమనగానే సుత్తి ఎత్తి బిగుసుకుపోయావు.

వద్దొద్దు, కదలకు. ఇంత కష్టపడి నిలబడ్డావు, పాడుచేసుకోకు. నేను చెప్పేది విను చాలు. ఎలాగూ వింటావులే, చెవులు మూసుకోవడానికి చెయ్యి ఖాళీ ఉండాలిగా!

ఊరు ఇలా ఆగిపోవడం ఇది రెండోసారి. మన ఊరందరికీ కలిపి మనసు ఒక్కటే కదా. ఒకరికి పన్ను నొప్పెడితే వీధి వీధంతా దవడ నొక్కుకునే జనం. ఆ ఊరి మనసు ఎందుకు ఆగుతుందో, ఆగి ఎక్కడికి పోతుందో ఎవరికి తెలుసు? పొద్దున తెల్ల సూర్యుడి వెనకాలే ఎర్ర సూర్యుడు లేచాడో లేదో, పిండిమర దగ్గర నా తోటి కూలీలంతా బస్తాలు భుజాల మీదుండగానే నిలువునా ఆగిపోయారు. ఊపిరి ఆడుతోంది, అంతే. కళ్ళు తెరిచే ఉన్నాయి, లోపల మనిషి లేడు.

నాకేం కాలేదు. మా చెల్లి పోయిన రోజే ఊరి మనసులోంచి తెగిపోయాను నేను. మరి నువ్వెందుకు తెగావు? ఆఁ, నువ్వసలు ఎప్పుడు కలిశావులే, ఎవరితోనైనా!

అరె, చెమట! కొయ్యబొమ్మకి చెమట పడుతుందా మరిదీ?

పోయినసారి నేనూ అందరితో ఆగిపోయాను; నీ పెళ్ళాం, నా చెల్లి, ఎందుకో ఆగకుండా మిగిలి ఊరంతా పిచ్చిదానిలా తిరిగింది. పొయ్యిల మీద మాడుతున్న గిన్నెలు దింపింది. నిచ్చెన మీద ఆగిపోయిన ముసలాయన పడిపోకుండా నడుముకి తాడు కట్టింది. ఇంతలో ఏమైంది? మీ పక్కింటి రొట్టెలావిడ బిడ్డకి నీళ్ళు పోస్తూ పోస్తూ ఆగిపోయింది కదా, ఆ బిడ్డ చేతుల్లోంచి జారి తొట్టిలో పడింది. గోడకి ఇవతల నువ్వున్నావు. ఎంత గోడ అది? కాలెత్తితే దాటిపోతావు! వీధి అవతల్నుంచి మా చెల్లి పరిగెత్తుకొచ్చి తీసింది. కాళ్ళు పట్టి తలకిందులు చేసి నీళ్ళు కక్కించింది.

సరిగ్గా అప్పుడే ఊరికి తెలివొచ్చింది. ఏం చూశారు? అందరూ ఆగి ఉంటే ఇదొక్కతే తిరుగుతోంది, చేతిలో తలకిందులుగా పసిబిడ్డ!

అంతే. మెలకువగా ఉండడమే నేరమైపోయింది. ఊరి మనసుని మింగేసిందన్నారు. పోనీ, జనం బెదిరిపోయారు, భయానికి కళ్ళుండవు. కానీ మా చెల్లి, తగువులు తీర్చే పెద్ద ముందు నీ వైపు చెయ్యి చూపించింది. ‘ఆయనా మెలకువగానే ఉన్నాడు. గోడ పక్కన నిలబడి చూస్తూనే ఉన్నాడు. ఈగ వాలితే రెప్ప కొట్టాడు. అడగండి’ అంది.

అడిగారు. నువ్వేమన్నావు? నోరు పెగలదా? సరే, నేనే చెబుతాను. ‘రాత్రిళ్ళు ఏదో గొణుక్కునేది. ఊరి మనసుని గుప్పిట్లో పెట్టుకుంటానని నాతో అంది.’ గొంతైనా వణకలేదు నీకు! కట్టుకున్నవాడే అలా అన్నాక ఇంకెవడు అడ్డొస్తాడు?

ఉప్పు మైదానంలోకి తోలేశారు. నేను నీళ్ళకుండ మోసుకుంటూ వెతుక్కుని వెళ్ళేసరికి... వద్దులే. దాని పెదాలు ఎలా ఉన్నాయో చెబితే నీ చెయ్యి జారుతుంది, సుత్తి నీ నెత్తినే పడుతుంది. అంత తేలిగ్గా పోనిస్తానా నిన్ను?

నిజం చెప్పనా? ఇన్నాళ్ళూ అనుమానమే తప్ప నాకూ రూఢిగా తెలీదు. పిచ్చిది, కంగారులో దానికలా కనిపించిందేమో అనుకునేదాన్ని. వీధిలో ఎదురైతే ‘బాగున్నావా నాయనా’ అని పలకరించాను కూడా. థూ, నా నోరు పడిపోను!

ఇదిగో, ఈ చంటిదాన్ని పట్టుకో. దీపాలు వెలిగించేవాడి కూతురు. తల్లి మెట్ల అంచున ఆగిపోతే ఒళ్ళోంచి తీసుకొచ్చాను. పట్టుకోవా? సరే, నీ ఎడమ చేతి మీద పెట్టి వదిలేస్తున్నా. నీ ఇష్టం.

ఆఁ! బిగించావు! గుండెకి ఎలా అదుముకున్నావో చూడు...

ఆ రోజూ ఇలాగే పట్టుకుని ఉంటే నీ సొమ్మేం పోయేదిరా? నువ్వే గోడ దాటి తీసుంటే, ‘మేమిద్దరం మెలకువగా ఉన్నాం’ అని మొగుడూ పెళ్ళాం కలిసి చెప్పుంటే, ఊరేం చేసేది? కాసేపు అరిచి ఊరుకునేది. అది బతికుండేది.

ఏడవకు. నీ ఏడుపు ఎవడిక్కావాలి? ముక్కైనా తుడుచుకోలేవు, ఏడిచి ఏం లాభం?

ఇటు చూడు. కళ్ళు తిప్పు, ఫర్వాలేదు, చూసేవాళ్ళెవరూ లేరు. పొద్దుట్నుంచీ నా బండి మీద ఏం మోశాననుకున్నావు? అదిగో తగువు పెద్ద. అది రొట్టెలావిడ. వాళ్ళ వెనకాల సగం బజారు. అందర్నీ తెచ్చి నీ కొట్టు ముందు, నీ చూపు పడని పక్కన నిలబెట్టాను, మొహాలన్నీ నీ వైపే. బస్తాలు మోసిన ఒళ్ళు, నాకు మనుషులో లెక్కా? పొయ్యిలు ఆర్పాను. గిన్నెలు దింపాను. బావిగట్టు మీది పిల్లల్ని కిందికి దించాను. మా చెల్లి చేసిన పనులన్నీ చేశాను. పేరు మాత్రం నాకొద్దు. అదంతా నీకే!

తెలివి రాగానే అడుగుతారు కదా, మమ్మల్ని ఇక్కడికెవరు తెచ్చారని. పారిపోతావా? పారిపో, పసిబిడ్డతో పరిగెడుతూ దొరుకుతావు. బిడ్డని కింద పెడతావా? పెట్టు. ఊరంతా నీ గుమ్మం ముందు ఎందుకుందో నువ్వే చెప్పుకోవాలి. ‘మా వదిన చేసింది’ అంటావా? అను నాయనా, తప్పకుండా అను. నువ్వు మెలకువగా ఉంటేనే కదా నీకా సంగతి తెలిసేది!

ఉష్... పెద్దాయన వేలు కదిలింది. ఊరికి తెలివి వచ్చేస్తోంది.

నేను వెళ్ళి ఆ గుంపులో నిలబడతాను, నోరు తెరుచుకుని. నీ విద్యే. అడిగితే చెప్పే మాట కూడా నీదే, ‘మా మరిది రాత్రిళ్ళు ఏదో గొణుక్కునేవాడు’ అని.

పాపం, అదే ఉంటే ‘అక్కా, వద్దే’ అని నా కాళ్ళకి అడ్డం పడేది. నిన్ను కాపాడేది కూడా. ఏం చెయ్యను మరి, దాన్ని నువ్వు ఉండనివ్వలేదుగా.