గుమ్మం దాటిన దవడ

చుక్కలక్కకి నలభై ఆరేళ్లు. ఎవరితో మాట్లాడినా ఎదురుగా కూర్చోదు, పక్కన కూర్చుంటుంది. ఎదురుగా చూస్తే మనిషి ముఖం మాత్రమే కనిపిస్తుందని, పక్కనుంచి చూస్తే పుర్రె కనిపిస్తుందని ఆమె వాదన.

అసలు పేరు వేరే ఉంది. జీతం ఇచ్చేవాళ్లు తప్ప దాన్నెవరూ వాడరు. పళ్ల ఆసుపత్రిలో ఆమె పని చుక్కలు పెట్టడం. పళ్లకి క్లిప్పులు వేయాలన్నా, దవడ సరిచేయాలన్నా ముందు తలకి పక్కనుంచి ఎక్స్‌రే తీస్తారు. ఆ ఫిల్ముని కింద దీపం వెలిగే అద్దం మీద పరిచి, పైన పల్చటి కాగితం వేసి, ముక్కూ నుదురూ కలిసేచోట ఒకటి, పుర్రె నడిమధ్య గుర్రపు జీనులా ఉండే చిన్న గుంటలో ఒకటి, పైదవడకి, కిందిదవడకి, గడ్డం కొసకి ఒక్కోటి చొప్పున పెన్సిలుతో చుక్కలు పెడుతుంది. చుక్కలు కలిపితే గీతలు, గీతల మధ్య కోణాలు. ఆ కోణాలు చూసి ఎవరికి క్లిప్పో ఎవరికి కత్తో డాక్టరు తేలుస్తాడు.

పగలంతా వెంట్రుకవాసి తేడా రాకుండా పనిచేసే మనిషి, సాయంత్రం ఆసుపత్రి ఎదురుగా ఉన్న టీ కొట్టు బల్ల మీద కూర్చుందంటే మాత్రం కొలతలన్నీ గాలికొదిలేస్తుంది. కోతలు కోసే హక్కు మగవాళ్లకే రాసిచ్చారా అంటుంది. మీసం మెలేస్తే తప్ప మాట రానిది వాళ్లకి, తనకి చెవిలో పెన్సిలుంటే చాలట.

ఆ సాయంత్రం ఆమె వచ్చేసరికి, రోజూ ఉండే లెక్కల మాస్టారూ, తలుపులకి తాళాలు బిగించే తమ్ముడూ కాక బల్ల మీద ఇంకొకామె ఉంది. సిటీ బస్సు కండక్టరు. పాతికేళ్లుంటాయేమో. చెవులమీదుగా ముక్కుదాకా స్కార్ఫు చుట్టుకుని, టీ గ్లాసుని దాని కిందనుంచి లోపలికి పంపించి తాగుతోంది. అప్పటికే టీ కొట్టు అత్త దగ్గర గోడు వెళ్లబోసుకుంది. ఒక్క వంకర పన్ను సరిచేయించుకుందామని వెళితే, కిందిదవడ కోసి వెనక్కి జరపాలన్నారట. కోశాక వారాల తరబడి పైపళ్లూ కిందిపళ్లూ తీగలతో కట్టేస్తారట. నోరు తెరవలేని కండక్టరుని డిపోలో ఎవరుంచుకుంటారు? ఆపరేషనుకి ఒప్పుకున్నట్టు రేపు పొద్దున్నే సంతకం పెట్టాలి. పెట్టనా, మాననా అని ఆ పిల్ల అడిగితే, మా చుక్కలక్క వస్తుంది, ఆమెని అడుగు అని అత్త చెప్పింది. తీరా అక్క వచ్చాక అడిగే సందు ఎవరికిచ్చింది గనక.

వస్తూనే ఆ పిల్ల పక్కన కూలబడి, ఈ వారం ఒక ఫిల్ముకి కళ్లజోడు లేకుండా చుక్కలు పెట్టేశానని మొదలుపెట్టింది. అంతవరకు నమ్మొచ్చు. మాస్టారు తల కూడా ఊపారు. ఆ ఊపు చూసి అక్కకి ఉత్సాహం పొంగింది. సగంలో కరెంటు పోయిందట. అయినా ఆగలేదట. చీకట్లో వేలితో తడుముకుంటూ పోతుంటే జీను గుంట దగ్గరికి రాగానే వేలు జిల్లుమందట.

"కరెంటొచ్చాక దవడ చూశాను. ఏం దవడ మాస్టారూ. పైదవడ ఇక్కడుందనుకోండి," అని టీ గ్లాసు బల్ల మీద పెట్టింది. "కిందిది అదిగో, అక్కడ." రోడ్డవతల మందుల షాపు చూపించింది.

మరి ఫిల్ములో ఎలా పట్టిందని మాస్టారి సందేహం. పట్టలేదు కాబట్టే కదా ఈ కథ అంది అక్క. గడ్డం ఫిల్ము అంచు దాటిపోతే పక్కన ఇంకో ఫిల్ము అతికించారు. దాన్నీ దాటింది. ఆ తర్వాత ఏమైందో తెలుసా? గడ్డం చుక్క ఎక్కడ పెట్టాలో తేలక, కాగితం మీంచి బల్ల మీదికి, బల్ల మీంచి గోడ మీదికి గీత గీసుకుంటూ పోయింది. కాస్త జరగండమ్మా, దవడ వస్తోంది అని కేక వేస్తే, బయట కూర్చున్న రోగులు కాళ్లు పైకి పెట్టుకున్నారు. గీత మెట్లు దిగింది, రోడ్డెక్కింది. పోలీసు చెయ్యి అడ్డం పెట్టి బళ్లన్నీ ఆపాడు. కోణం కొలవడానికి డాక్టరు దగ్గరున్న ప్లాస్టిక్ ముక్క చాలక, పార్కు గేటు మీదుండే ఇనప కమాను ఊడదీసి తెప్పించారు.

గీత ఎంత పొడుగైనా కోణం మారదమ్మా అన్నారు మాస్టారు, ఇక ఉండబట్టలేక.

"మామూలు కోణం మారదు. ఇది దవడ కోణం," అంది అక్క.

వానొస్తే ఎలాగక్కా అని తమ్ముడు అందించాడు. ఆ గడ్డం కింద ఇద్దరు దూరి, చుక్క తడవకుండా ఇల్లు చేరారంది. బస్సెక్కితేనో అన్నాడు. మనిషి ఎక్కే స్టాపులో ఉండగానే గడ్డం దిగే స్టాపుకి చేరిపోతుందనీ, దానికి అర టికెట్టు కొట్టాలో ఫుల్లు కొట్టాలో తెలియక కండక్టర్లు కొట్టుకుంటున్నారనీ అంది.

"లగేజీ టికెట్టు కొడతాం," అంది స్కార్ఫులోంచి గొంతు.

బల్లంతా గొల్లుమంది. అత్త టీ వడకట్టడం ఆపేసి మరీ నవ్వింది. ఇంత మంచి శ్రోత పక్కనే ఉందని తెలిశాక అక్కకి పట్టపగ్గాల్లేవు. దాచుకున్న మాట కూడా బయటపెట్టేసింది.

"అసలు విచిత్రం ఇంకా చెప్పలేదు. చెవి ముందు చిన్న గుంట ఉంటుంది. దవడ చివరి బుడిపె అందులో కూర్చోవాలి, తలుపుకి మడతబందులాగా. ఈ దవడకి ఎంత తొందరంటే, బుడిపె గుంటలో లేదు. గుమ్మం దాటి, చెప్పులేసుకుని బయట నిలబడింది. వెనక పళ్లు పైనవీ కిందవీ తగువులాడుకున్న తోడికోడళ్లలా ఒకదాన్నొకటి తాకనే లేదు."

ఎవరక్కా ఆ మనిషి అని తమ్ముడడిగాడు. పేరు చెప్పకూడదు, ఆడమనిషి అంది అక్క. కమ్మ తీయడం కూడా మర్చిపోయిందట, ఫిల్ములో చెవి దగ్గర తెల్లగా ఆకు ఆకారం పడిందట.

"మర్చిపోలేదు. మర తిరగలేదు," అంటూ ఆ పిల్ల స్కార్ఫు విప్పింది. చెవికి ఆకు కమ్మ ఉంది. "ఆ దవడ నాదే అక్కా."

అందరూ ముందు మందుల షాపు వైపు చూశారు, తర్వాత ఆ పిల్ల గడ్డం వైపు చూశారు. ఇంతేనా అన్నాడు తమ్ముడు, టికెట్టు కొని మోసపోయినవాడిలా. చుక్కలక్క మాత్రం పక్కకి తిరిగి చూసింది. నుదురు, ముక్కు మొదలు, పై పెదవి, గడ్డం. అలవాటు కొద్దీ కంటితోనే చుక్కలు పడిపోయాయి. గడ్డం ఉండాల్సిన చోటే ఉంది. కోసేంత దూరం ఎక్కడా లేదు.

"ఎక్స్‌రే తీసేవాడు తల కదలకుండా చెవుల్లో పుల్లలు పెట్టి బిగించాడు," అంది ఆ పిల్ల. "నొప్పిగా ఉందన్నాను. నోరు మూసుకో అన్నాడు. ఆ మాట ఎవడన్నా నా దవడ ముందుకొచ్చేస్తుంది. బస్సులో రోజుకి పదిసార్లు వస్తుంది."

అక్క మాస్టారిని ఆ మాట అనమంది. జీవితంలో ఎవర్నీ అలా అనలేదన్నారాయన. ఇంటావిడని పిలిపించి అడగమంటారా అంది అత్త. ఆయన గొంతు సవరించుకుని, నోరు మూసుకో తల్లీ అన్నారు. దవడ కదల్లేదు. తల్లీ తీసేసి అనమంది అక్క. అన్నారు.

బల్ల సొరుగు లాగినట్టు దవడ ముందుకొచ్చింది. కిందిపళ్లు పైపళ్లని దాటి నిలబడ్డాయి. ఆ పిల్ల చెవి ముందు పెట్టిన అక్క వేలి కింద, బుడిపె గుంటలోంచి జారి గుమ్మం దాటింది.

"బందు ఊడితే ఏ తలుపైనా వంకరగానే కనిపిస్తుందక్కా," అన్నాడు తమ్ముడు. "దానికి తలుపు కోస్తారా?"

చుక్కలక్క చెవిలోంచి పెన్సిలు తీసి బల్ల మీద పెట్టింది. తను చూసింది. బుడిపె గుంటలో లేదని అందరికంటే ముందు తనే చూసింది. చూసి, అది ఎందుకు బయటికొచ్చిందో అడక్కుండా దానికి చెప్పులు తొడిగింది. రేపు డాక్టరు చేతిలో ఉండేది తన చుక్కలే.

"పొద్దున నేనొచ్చేదాకా సంతకం పెట్టకు," అంది.

డాక్టరు కేకలేస్తే అని భయపడింది ఆ పిల్ల.

"వెయ్యనీ. నాకూ ఉంది దవడ."

మర్నాడు చుక్కలక్క తను గీసిన కాగితాన్ని డాక్టరు ముందే చింపేసి, దగ్గరుండి, వెనక పళ్లు కలపమ్మా అని చెప్పి, ఫిల్ము మళ్లీ తీయించింది. దవడ కోయలేదు. ఆ పిల్ల పంటికి క్లిప్పు వేయించుకుని డ్యూటీకి వెళ్లిపోయింది. ఏడాది తిరిగేలోగా చుక్కలక్క ఎక్స్‌రే తీయడం నేర్చుకుని, ఆ గది తను తీసుకుంది.