అద్దాల డిపార్ట్‌మెంటు

విస్సన్నపేట రోడ్డు పక్కన మామిడితోట. మే నెల, పొద్దున్న తొమ్మిది. కోయకుండా మిగిలిన ఆఖరి చెట్టు కింద అక్క సింధూర, తమ్ముడు రాజీవ్.

“...నిచ్చెన పట్టుకోరా అంటే ఫోన్ చూస్తావేంటి?”

“సిగ్నలే లేదు, చూడ్డానికి ఏముందక్కా. బావ ఏమైనా మెసేజి పెట్టాడేమోనని.”

“మీ బావ జి. కొండూరు వెళ్లి రెండు గంటలైంది. కోత మనుషులు దొరికుంటే ఈపాటికి ట్రాక్టరు చప్పుడు వినపడేది. దొరకలేదు, ఇంక రారు. పదకొండింటికి నూజివీడు నుంచి వ్యాను వస్తుంది. మధ్యాహ్నం గాలివాన అంటున్నారు. సరిగ్గా పట్టుకో, నేనెక్కుతాను.”

“నువ్వెక్కొద్దు.”

“అయితే నువ్వెక్కు.”

“చిక్కం కర్రతో అందినవన్నీ కోశాంగా.”

“అందినవి కోశాం. అందనివే కదరా గొడవ! చిటారు కొమ్మల్లో కాయంతా అలాగే ఉంది. రసాలు. గాలికి రాలిందంటే వ్యానువాడు చేత్తో కూడా ముట్టుకోడు.”

“ముందీ నిచ్చెన ఊగుతోంది. ఆగు, గట్టు మీద రాళ్ల కుప్ప ఉందిగా, ఒకటి తెచ్చి కాలు కింద పెడతాను.”

“ఆ రాళ్ల జోలికి వెళ్లకు.”

“ఒక్క రాయే అక్కా.”

“వద్దన్నానా? మోటారు షెడ్డు దగ్గర ఇటుకలున్నాయి. అవి తెచ్చుకో.”

“అసలెవరు పేర్చారవి? నడిచే దారిలో నడుమెత్తు! మొన్న తన్నుకుని వేలు చితికింది.”

“ఎవరో పేర్చారు. ఇటుక తే.”

“తెస్తున్నా, తెస్తున్నా... ఇదిగో. ఇప్పుడు ఊగట్లేదు.”

“ఊగట్లేదుగా. ఎక్కు.”

“ఇంకో ఇటుక కూడా పెడితే మంచిదేమో.”

“ఏంట్రా ఆ మొహం? అరవై అంతస్తుల మేడల్లో పనిచేసేవాడివి. పన్నెండు మెట్ల నిచ్చెన చూసి చెమటలు పడుతున్నాయా?”

“అక్కడ లిఫ్టులుంటాయి.”

“అవును మరి. అద్దాల డిపార్ట్‌మెంటు! ఊరంతా చెప్పుకున్నాను, మా తమ్ముడు బొంబాయిలో అద్దాల డిపార్ట్‌మెంటని. అందులో ఏం చేస్తాడమ్మా అని జోజమ్మ టీచరుగారు అడిగితే, ఏమోనండీ, అద్దంలో మొహం చూసుకుంటాడేమో అన్నాను.”

“నవ్వకక్కా.”

“నవ్వట్లేదు, ఒళ్లు మండుతోంది. వచ్చి మూడు వారాలైంది. వంటింట్లో బల్బు మార్చరా అంటే బసవపున్నారావు బాబాయిని పిల్చుకొచ్చావు. ఆయనకి డెబ్భై ఏళ్లు! అటక మీద బిందె దింపరా అంటే నడుం నొప్పన్నావు. ఆదివారం రైలు, ఇంతవరకూ బ్యాగు సర్దలేదు. అడిగితే ఆఁ, ఊఁ. నీకేమైందో చెప్పవు.”

“ఏం కాలేదు. ఒట్టుందిగా.”

“ఏ ఒట్టు?”

“ఏ ఒట్టంటావేంటి? నాన్న ఈ చెట్టు మీద నుంచేగా పడ్డాడు. ఆయన పోయిన పదకొండో రోజున నా చెయ్యి తీసి నీ తల మీద పెట్టుకున్నావు. ‘నేల విడిచి ఏ పనీ చెయ్యను’ అని నా చేత అనిపించావు. మర్చిపోయావా?”

“మర్చిపోలేదు. సరే, తీసేస్తున్నాను. ఒట్టు తీసి గట్టు మీద పెట్టాను. పో, ఎక్కు.”

“నోటితో అంటే అయిపోతుందా? చిన్నప్పుడు నువ్వేగా అనేదానివి, ఉత్త మాట చెల్లదు, గట్టు మీద రాయి పెట్టాలని.”

“పదహారేళ్లప్పుడు కూడా లేని చాదస్తం ఇప్పుడొచ్చిందా నీకు? సరే, కూర్చో. నేనే ఎక్కుతాను.”

“అక్కా, దిగు!”

“రెండు మెట్లేగా ఎక్కింది. నువ్వు బొంబాయి కబుర్లు చెప్తూ ఉండు. మాట దాటేస్తే మూడోది ఎక్కుతాను.”

“ఏం కబుర్లు? పని మానేసి...”

“ఫోటో పెట్టావే, జంట మేడలు. కొసలు పెన్సిళ్లు చెక్కినట్టు ఉంటాయి.”

“ఇంపీరియల్. టార్డియోలో. అరవై అంతస్తులు. అంతే.”

“అంతేనా? మూడో మెట్టు.”

“అక్కా! చెప్తున్నా, ఆగు. పై నుంచి చూస్తే ఒకపక్క గుర్రప్పందేల మైదానం, ఒకపక్క హాజీ అలీ దర్గా. సముద్రం పోటు మీదున్నప్పుడు దారి మునిగిపోతుంది. తెల్లటి దర్గా ఒక్కటే నీళ్ల మీద తేలుతున్నట్టుంటుంది. చాలా?”

“బాగుంది. వీటీ స్టేషను?”

“అది రాతి కట్టడం. గుమ్మటం మీద దివిటీ పట్టుకున్న ఆడమనిషి బొమ్మ. అక్కడ మాకు పనుండదు.”

“రాజాబాయి గడియారం టవరు?”

“అదీ రాయే.”

“మరి మీకు పనెక్కడ?”

“వర్లీ, లోయర్ పరేల్. కొత్తగా లేచినవన్నీ అద్దాల మేడలే. సముద్రపు గాలి కదా, నెల తిరక్కుండానే ఉప్పు పేరుకుంటుంది. వేలితో గీస్తే గీత పడుతుంది.”

“ఉప్పు పేరుకునేది లోపలా, బయటా?”

“...బయట.”

“పైన కిటికీలు తెరుచుకోవని నువ్వే చెప్పావు. మరి బయట వేలితో గీసిందెవరు?”

“అక్కా, మబ్బు పడుతోంది. దిగు.”

“నాలుగో మెట్టు.”

“నీకేమైనా పిచ్చా? నాన్న పడ్డ చెట్టది!”

“తెలుసు. ఐదో...”

“తాడు మీద! సరేనా? తాడు మీద వేలాడుతూ తుడుస్తాను. చెక్క పీట, రెండు తాళ్లు, ఒక బకెట్టు. ఐదేళ్ల నుంచీ అదే పని. అద్దాల డిపార్ట్‌మెంటూ లేదు, పాడూ లేదు. ఇప్పుడు దిగు.”

“దిగను. మిగతాది చెప్పు.”

“మిగతాదేం లేదు.”

“ఐదేళ్లు తాడు మీద వేలాడినవాడు బల్బు మార్చలేడా? మిగతాది చెప్పరా.”

“మార్టిన్ పడ్డాడు.”

“ఏ మార్టిన్? మైలవరం మార్టినా? మీ గదిలో ఉండేవాడు?”

“వాడే.”

“అయ్యో... బతికున్నాడా?”

“బతికాడు. మూడంతస్తుల కింద మొక్కలు వేసిన డాబా ఉంది, దాని మీద పడ్డాడు. తుంటి విరిగింది. వాళ్లమ్మ వెళ్లింది, ఆసుపత్రిలో దగ్గరుంది. అక్కా, ఆ రోజు ఆ తాడు నాది. నాకు జ్వరంగా ఉందని వాడు నా పీట మీద కూర్చున్నాడు.”

“వాడు పడటం ఎవరు చూశారు?”

“ఆ మేడలోనే ముప్పై ఒకటో అంతస్తులో ఒక మామ్మగారుంటుంది. మేం ఆ కిటికీ దగ్గరికి దిగినప్పుడల్లా లోపల్నుంచి మంచినీళ్ల గ్లాసు చూపించేది. తెరవడం కుదరదుగా. అందుకని రోజూ కింద గేటు దగ్గర రెండు మజ్జిగ సీసాలు పెట్టించేది, ఒకటి నాకు, ఒకటి వాడికి. ఆవిడే చూసి కేకలు పెట్టింది. లేకపోతే వాడు ఆ మొక్కల్లో పడున్నాడని అరగంటదాకా ఎవరికీ తెలిసేది కాదు.”

“చల్లగా ఉండాలి ఆవిడ.”

“నీకు అర్థం కావట్లేదక్కా. నేనేసింది నీ తల మీద ఒట్టు. పీట మీద కూర్చున్న ప్రతిసారీ, అక్కకేం కాకూడదు అనుకుని దిగేవాణ్ణి. ఏం కాలేదులే, ఏం కాలేదులే అనుకుంటూ ఐదేళ్లు. ఇప్పుడు వాడు పడ్డాడు. తర్వాత నువ్వే. మూడు వారాల నుంచీ నువ్వు దగ్గినా నాకు గుండె ఆగిపోతోంది. నువ్వేమో ఈ చెట్టే దొరికినట్టు...”

“ఒట్టు తీసేశానన్నానుగా ఇందాక.”

“తప్పాక తీస్తే ఏం లాభం? తప్పకముందు తియ్యాలి. అది కూడా నువ్వు చెప్పిందే.”

“చెప్పాను. చెయ్యివ్వు, దిగుతాను.”

“నెమ్మదిగా. నెమ్మదిగా అక్కా... హమ్మయ్య.”

“కూర్చో. ఈ నీళ్లు తాగు.”

“వద్దు.”

“తాగు. నువ్వు పంపిన మొట్టమొదటి ఫోటో గుర్తుందా? లోపల ఎర్ర సోఫా, పూలకుండీ. ఇదే మా ఆఫీసు అన్నావు.”

“ఊఁ.”

“సోఫా పక్కన అద్దంలో నువ్వు కనపడ్డావు. నెత్తిన పసుపు టోపీ, భుజం మీద తాడు. నీ వెనకాల గోడ లేదురా. ఆకాశం ఉంది.”

“నీకు తెలుసా?”

“తెలుసు.”

“మొదట్నుంచీ? మరి ఐదేళ్లు ఒక్క మాట అడగలేదేం?”

“అడిగితే ఫోటోలు పంపడం మానేస్తావు. ఫోటో వచ్చిందంటే ఆ రోజుకి నువ్వు కిందకి దిగినట్టు. అది చూశాకే నాకు అన్నం సయించేది.”

“అక్కా... తెలిసి కూడా ఎలా ఊరుకున్నావు? ఒట్టేసింది నీ తల మీద!”

“ఊరుకున్నానని ఎవరన్నారు? గట్టు మీద ఆ రాళ్లెవరు పేర్చారని అడిగావుగా. నువ్వొక మేడ ఫోటో పంపిన ప్రతిసారీ, మర్నాడు నువ్వు తాడెక్కేలోపు, నీ ఒట్టు తీసి ఆ గట్టు మీద పెట్టానురా, ఒక్కో రాయీ.”