పగటి పూటలు పెట్టి కొన్న ఇల్లు

ఏది, ఇటియ్యి ఫోను. ఇదేనా ఇల్లు? ఆ, మంచిగనే ఉన్నది. ఇది హాలా? బాల్కనీ గూడ ఉన్నదే. రామంతాపూర్ల ఎన్నో అంతస్తు అన్నవు? సరే, లిఫ్టు ఉంటది తీ. అప్పు ఎన్నేండ్లు కట్టాలె? ఇరవై ఏండ్లా! నవ్వుతున్నవేంది, నేనేమన్న తప్పు అడిగిన్నా? లే బిడ్డా, వద్దంటలేను. కొనుక్కో. కిరాయి ఇంట్ల ఎన్ని దినాలుంటరు మీరిద్దరు. కని ఇప్పుడొక మాట అన్నవు సూడు, "జీతంలకెల్లి కట్ అయితది అమ్మమ్మా, నాకు తెల్వనే తెల్వది" అని. గా మాటకు మీ తాత యాదికొచ్చిండు. అచ్చం గిట్లనే అన్నడు ఆయన గూడ. గీ ఇల్లు తీసుకున్నప్పుడు, గీ అరుగు మీదనే నిలవడి, "రాహేలూ, నెలకింత, మనకు తెల్వనే తెల్వది" అన్నడు. జర కూసో. ఎప్పుడొచ్చినా పోత పోత అంటవు, నీ కాళ్లకు చక్రాలున్నయా ఏంది?

నీకు ఆయన తెల్వదు. నువ్వు పుట్టకముందే పోయిండు. నీ అమ్మకు తెలుసు, మా చెల్లె బిడ్డనే గద, చిన్నప్పుడు ఆయన చేసిన సమోసలు మస్తు తిన్నది. సామేలు ఆయన పేరు. మా కాలంల పెనిమిటి పేరు నోట పలుకకపోదుము, గిప్పుడు సిగ్గేంది, ఎనభై దాటినంక. యూనివర్సిటీ హాస్టలు మెస్సుల వంట చేసేటోడు. జనగామ దిక్కు పల్లె మాది. పెండ్లయినంక నన్ను తీస్కొచ్చి హాస్టలెనుక ఒక్క అర్ర క్వార్టర్ల పెట్టిండు. ఒక్కటే అర్ర, పైన రేకులు. ఎండకాలం లోపట కూసుంటే మనిషి ఉడుకుడే. బయట బండలు, సీతాఫలం చెట్లు, ఇగ దూరంగ ఆర్ట్స్ కాలేజీ కనవడుతుండె. నాకు గదొక రాజు కోటనే అనిపిచ్చేది. నేను లోపటికి పోయి సూసింది ఒక్కసారే, గది గూడ మీ తాత ఎంబడి, సెలవు దినం. లోపట సల్లగ ఎంత హాయిగ ఉండెనో. ఏం చెప్తున్న నేను? ఆ, క్వార్టరు.

మెస్సుల పని ఎట్లుంటదంటే, పొద్దుగాల నాష్ట, తర్వాత పగటి అన్నాలు. పోరగాళ్లు తిని లేసినంక గంగాళాలు కడిగేటోళ్లకు అప్పజెప్పి, మళ్ల సాయంత్రం ఛాయ్ దాంక వంటోళ్లకు పని లేదు. గా నడుమ మీ తాత ఇంటికొచ్చేటోడు. కండ్వ తీసి దండెం మీద ఏసి, కాళ్లు కడుక్కొని, చాప మీద ఒరిగేటోడు, నా ఒళ్లె తలకాయ వెట్టి. తలకాయంత ఉల్లిగడ్డ వాసన, పొగ వాసన. నేను యాక్ అనేదాన్ని. "నీకు అన్నం పెట్టేదే ఈ వాసన" అనేటోడు. ఇగ సురువు అయితుండె ముచ్చట్లు. వార్డెను సార్ ఎట్ల నడుస్తడు, చట్నీల నీళ్లు ఎక్కువైతే ఎట్ల మొకం పెడ్తడు, అన్నీ చేసి సూపెట్టేటోడు. పండుకోనే చేసేటోడు, లేవకుంట, ఉత్త మూతితోని. "సామేల్, దిస్ చట్నీ ఈజ్ వాటర్!" నేను కడుపు పట్టుకొని నవ్వుదును. పక్క క్వార్టరోళ్లు "ఏమైందే రాహేలూ" అని గోడ మీద కొట్టేటోళ్లు. ఆదిలాబాద్ పోరడొకడు పూరీలు జేబులల్ల పెట్టుకొని పోతుండెనట, నూనె మరకతోని దొరికిండట. గిసొంటియి. పిల్లలు కాలే మాకు. బాధ ఉండకపోదు, ఉండె. కని గా పగటి పూట నాకు బాధ గుర్తుండకపోయేది బిడ్డా. నిజం చెప్తున్న.

మరి గంత మంచిగుంటే ఇల్లెందుకు కొన్నరంటవా? గట్టయ్య అని మా పక్క క్వార్టరాయన, అటెండరు. రిటైర్ అయిండు. క్వార్టరు ఖాళీ చెయ్యమన్నరు. చెయ్యాలె గద, సర్కారుది. రిక్షల సామాను ఎక్కిస్తున్నరు, గా ముసలాయన నల్ల కాడ నిలవడి "యాడికి పోవాలె సామేలూ, ఊర్లె గోడలు గూడ లేవు" అని ఏడ్సిండు. ఇగ గా దినం సంది మీ తాతకు నిద్ర పట్టలే. "నువ్వు గూడ గట్ల బజార్ల నిలవడుతవు రాహేలూ, నేను లేకపోతే" అన్నడు. నేను ముప్పై ఏండ్లు గూడ లేను, ఆయన నా ముసలితనం గురించి రంది పడుతుండు! ఇంతల తార్నాకల ఒక హౌసింగ్ సొసైటీ ఇండ్లు కడుతున్నదని తెలిసింది. ఊర్ల పాలుకొచ్చిన చెలక భూమి అమ్మిండు, నా పుస్తెలతాడు, చేతి గాజులు పోయినయ్. మిగిలిన ఆరు వేలు సొసైటీ అప్పు. పదిహేనేండ్లు నెల నెల కిస్తు. అరవై ఏడుల దిగినం గీ ఇంట్ల. పాస్టరుగారొచ్చి ప్రార్థన చేసిండు, అందరికి మీ తాతనే వండి పెట్టిండు. మిద్దె మీదికెక్కి నన్ను పిలిచి "అగో మౌలాలి గుట్ట, సూడు ఎంత సాపుగ కనవడుతుందో" అన్నడు. గా దినం ఆయన మొకం నేను మర్సిపోను.

కిస్తు యాభై ఆరు రూపాలు. ఏంది, గంతేనా అంటవా? అరె, ఆయన జీతం నూట పది గద! అందుకని ముందటి అర్ర ఇద్దరు సదువుకునే పోరగాళ్లకు కిరాయికిచ్చినం. మేము ఎనుక వంటింట్ల పండుకునేటోళ్లం. సొంతిల్లు కట్టుకున్నోళ్లం వంటింట్ల, కిరాయోళ్లు హాల్ల. నవ్వకు, నిజమే. అది గూడ సాల్తలేదని మీ తాత తార్నాక చౌరస్త కాడ ఒక హోటళ్ల పని ఒప్పుకున్నడు. ఎప్పుడంటవు? పగటి పూట. మెస్సుల అన్నాలయినంక, సాయంత్రం ఛాయ్ దాంక. గప్పుడే గద ఆయనకు ఖాళీ దొరికేది. పొయ్యి ముందట కూసోని సమోసలు చుట్టుడు, కాల్చుడు. "జర ఓపిక పట్టు రాహేలూ, నాలుగైదేండ్లల తీర్చి పారేస్త" అన్నడు. నేను సరే అన్న. ఏమంట మరి. పగటి పూట చాప పరుసుకొని ఒక్కదాన్నే ఒరిగేదాన్ని. సొంత గోడలు, సొంత కప్పు. ఏం చేసుకోవాలె గవి? మాట్లాడుతయా నాతోని?

ఇగ గీడ మీ తాత తెలివి చెప్త ఇను. మా ఊర్ల బుచ్చవ్వ అని ఒకామె ఉండె, మొగడు సచ్చిపోయినామె. మా వాడకట్టోళ్లకు అందరికి ఆమెనే అప్పిచ్చేది. ఆమె పద్ధతి ఏందంటే, నువ్వు పైసలు తెస్తే ముందు అసలుకే జమ. అసలు తీరినంక పెద్దమనుషులు కూసుందురు. "బుచ్చవ్వా, వాడు మంచోడు, వడ్డీల జర కొయ్యి" అంటే ఆమె కోసేది. ఒక కోడిపుంజో, నాలుగు దినాలు కలుపు తీసుడో, గంతే. మీ తాతకు తెలిసిన అప్పు అంటే బుచ్చవ్వ అప్పే. ఎవరన్న చెప్తే గద వేరేది ఉంటదని. సొసైటీ గూడ గట్లనే అనుకున్నడు. నెల నెల కట్టింది అసలుకు పోతది, ఆఖర్ల కూసోని వడ్డీ మాట్లాడుకుంటం అని. అందుకని సొసైటీ సెక్రటరీ పార్థసారథిగారని ఉండె, గాయనకు పండుగ పండుగకు మీఠా వండుకొని పోయేటోడు. క్రిస్మసుకు, దసరాకు, రంజాన్‌కు గూడ! మనకేం రంజాన్ అంటే, "ఊకో, ఆఖర్ల మాట్లాడేటోడు గాయననే. ఇప్పటి సంది నోరు తీపి చేసి పెడితే గప్పుడు వడ్డీ మంచిగ కోస్తడు" అనేటోడు. నెయ్యి, జీడిపప్పు కొని తెచ్చి చేసిండు బిడ్డా, మేము ఇంట్ల పచ్చిపులుసు పోసుకొని తింటుంటే. గాయన తినేటోడు, మంచిగ తినేటోడు. "సామేలూ, నీ చేతిలో ఏముందయ్యా" అని మెచ్చుకునేటోడట. మీ తాత గది ఇని పొంగిపోయి వచ్చేటోడు, సగం వడ్డీ పోయినట్టే అని.

తర్వాత అరవై తొమ్మిది వచ్చింది. తెలంగాణ గొడవ. నువ్వు సదువుకునే ఉంటవు. క్యాంపసంత పోరగాళ్ల నినాదాలు, పోలీసు లారీలు. కాలేజీలు బంద్, హాస్టళ్లు బంద్. మెస్సు బంద్ అయితే జీతం బంద్, మెస్సు పైసలతోనే గద వాళ్లకు జీతం. మా కిరాయి పోరగాళ్లు మూట ముల్లె కట్టుకొని ఊర్లకు పోయిండ్రు. హోటలాయన గూడ తలుపులు ఏస్కున్నడు. అందరికి భయమే. నాకు మాత్రం, ఎట్ల చెప్పాలె బిడ్డా, నాకు మాత్రం లోపల్లోపట సంబురం. మీ తాత ఇంట్ల ఉన్నడు! పగటి పూట ఇంట్ల ఉన్నడు! ముందటి అర్ర ఖాళీ, మా హాలు మాకొచ్చింది. ఊడ్సి, అలికి, చాప పరిసి "రా, ఒరుగు" అన్న. వచ్చిండు. ఒరిగిండు. తలకాయ నా ఒళ్లెనే ఉన్నది, మనిషి లేడు. కండ్లు తలుపు దిక్కే. "ఈ నెల కిస్తు ఎట్ల" అంటడు. "వార్డెను సార్ ఎట్ల నడుస్తడు, చెయ్యి" అన్న నేను. మూతి వంకర చేసిండు జర, మళ్ల తలుపు దిక్కే సూసిండు. కిస్తు రంది పట్టినోనికి నవ్వు యాడికెల్లి వస్తది.

రెండు నెలలు కిస్తు తప్పింది. ఇగ లాభం లేదని పార్థసారథిగారి కాడికి పోయిండు. గప్పుడు గూడ ఉత్త చేతులతోని పోలే, ఇంట్ల ఉన్న ఇంత గోధుమరవ్వ, బెల్లం వెట్టి ఏదో చేసుకొని పోయిండు. "సార్, ఇప్పటికి పదమూడు వందల దాంక కట్టిన. అసలు మిగిలింది ఎంతనో చెప్పుండ్రి, అటీటు చేసి తీర్చేస్త. వడ్డీ సంగతి మీరు పెద్దమనుషులు, ఒక మాట అనుండ్రి" అన్నడట. గాయన మీ తాత మొకం దిక్కు సూసి, "అయ్యో సామేలూ, వడ్డీ ఆఖర్న కాదయ్యా, ముందే పట్టుకుంటాం. నువ్వు కట్టినదాంట్లో ఎక్కువ భాగం వడ్డీకే పోయింది. అసల్లో ఐదు వందలు కూడా తగ్గలేదు" అన్నడట. మీ తాతకు సమజ్ కాలే. మళ్ల అడిగిండట. గాయన మళ్ల చెప్పిండు, మంచిగనే చెప్పిండు పాపం, కోపం చెయ్యలే. పదిహేనేండ్లు కడితే ఆరు వేలకు పది వేలు అయితది, మొదటి ఏండ్లల్ల వడ్డీనే ఎక్కువ పోతది, అసలు కరిగేది ఆఖరు ఏండ్లల్లనే అని. "మరి నేను తెచ్చినయి సార్?" అన్నడట మీ తాత. "నువ్వేదో అభిమానంతో పెడుతున్నావనుకున్నానయ్యా" అన్నడట గాయన. గాయనకు గూడ సిగ్గయినట్టున్నది. తప్పిన కిస్తులకు గడువు ఇప్పిచ్చిండు. గంతకన్న గాయన మాత్రం ఏం చేస్తడు.

ఇంటికొచ్చి గీ గడప మీదనే కూసున్నడు. "బుచ్చవ్వ మంచిది రాహేలూ" అన్నడు. గంతే. నేను నీళ్లిచ్చి, "అమ్మేద్దాం పా. మళ్ల రేకుల అర్రకే పోదాం. గాడ మనకేం తక్కువుండె?" అన్న. ఆయన సర్రున లేసిండు. "అమ్ముతే? రెండేండ్ల సంది నేను ఎవని కోసం సమోసలు చుట్టినట్టు?" అని ఒర్లిండు. నా మీద గట్ల ఒర్లుడు గదే మొదలు, గదే ఆఖరు. సూడు బిడ్డా, అప్పుల ఉండే మడత పేచీ గదే. పైసలు ఎంత పోతయో సొసైటోడు చెప్తడు, బ్యాంకోడు చెప్తడు, నీ ఫోన్ల గూడ వస్తుండొచ్చు. ఇంకోటి పోతది, గది ఎవ్వడూ చెప్పడు. నువ్వే తెలుసుకోవాలె.

మళ్ల మెస్సు తెరిసిండ్రు, హోటలు తెరిసిండ్రు, కిరాయికి వేరే పోరగాళ్లు వచ్చిండ్రు. మీ తాత పనిలె వడ్డడు. ఇంకా ఎక్కువ వడ్డడు. ఆదివారం గూడ ప్రార్థన కాంగనే పెండ్లిళ్ల వంటలకు పోయేటోడు. నాతోని మంచిగనే ఉంటుండె, కొట్టుడు తిట్టుడు లేదు, తాగుడు లేదు. మా సాలమ్మ అనేది, మీ అమ్మమ్మ, "అక్కా, బావ అసొంటోడు దొరకాలంటే పెట్టి పుట్టాలె" అని. నిజమే. కని మా మాటలు ఏమయినయో సూడు: బియ్యం అయినయా, కిరాయి ఇచ్చిండ్రా, కిస్తు కట్టినవా. గంతే. పదిహేనేండ్లు గంతే.

ఆఖరి కిస్తు కట్టిన దినం మిఠాయి తెచ్చి వాడకట్టంత పంచిండు. మరునాడు హోటలుకు పోనన్నడు. కిరాయోళ్లను గూడ అంతకుముందే పంపించినం. పగటి పూట వచ్చిండు, కండ్వ తీసిండు, కాళ్లు కడుక్కున్నడు. నేను పొద్దుగాల సంది ఎదురుసూస్తున్న, కొత్త పెండ్లికూతురు తీరు. తల దువ్వుకున్న గూడ, నీకు చెప్పెటందుకు సిగ్గెందుకు. హాల్ల చాప పరిసిన. వచ్చి ఒరిగిండు నా ఒళ్లె. ఎంట్రుకలు తెల్లగయినయ్, పల్సగయినయ్. చెయ్యి వెట్టిన. సీలింగ్ దిక్కు సూసుకుంట పండుకున్నడు. ముచ్చట ఆయననే మొదలువెడ్తడని నేను తలకాయ నిమురుతున్న. గప్పుడు అడిగిండు, మెల్లగ, సిన్న పోరని లెక్క, "రాహేలూ, మనం ఏం ముచ్చట పెట్టుకునేటోళ్లం?" అని.

చెప్దామని నోరు తెరిసిన బిడ్డా. వెతికిన. గా దినం నాకు గూడ యాదికి రాలే. నీకిప్పుడు చెప్పినయి, ఆయన పోయినంక ఒక్కొక్కటే యాదికొచ్చినయ్.

మరునాటి సంది మళ్ల హోటలుకే పోయిండు.

...

అగో, నల్ల వచ్చినట్టున్నది. జర గా బిందె పెట్టు పో.