ఈ ఏటి వేపపువ్వు

ఉగాది ముందురోజు పొద్దున్నే, మైపాడు ఒడ్డున ఉన్న వేపచెట్టు కింద అంకాలమ్మ, ఆమె కోడలు పోలేరమ్మ గుడ్డ పరిచారు.

"రాలేట్టు ఊపు పోలేరమ్మా. కొమ్మకి నొప్పి పుడతాదని నిమురుతుండావా?"

"రాల్తానే ఉండాది గదత్తా."

"రాలేది పుల్లలు. రేపటి పచ్చడికి ఇంత పువ్వు చాలు. మిగిలింది నీడలో ఆరబెట్టి, నలిపి చెరిగి దాస్తాను. నా కొడుకొచ్చినాక నేతిలో వేయించి చారు పెడితే, గిన్నె నాకతాడు."

"అత్తా... ఈ ఏడు పచ్చడి వద్దులే."

"ఎందుకొద్దు? పండగ మానేదానికి మనింట్లో ఎవురు పోయినారు?"

"పాలెంలో అందరూ చెవులు కొరుక్కుంటుండారు."

"కొరుక్కోనీ. నిన్న వలలో చేపలు పడలేదేమో."

"కార్తీకం తుపానులో పోయిన పడవత్తా. ఉగాది వచ్చేసింది."

"యాడో అరవదేశం ఒడ్డుకి కొట్టుకపోయుంటాడు. నా చిన్నపోలయ్యకి ఈత రాదా?"

"ఈత వచ్చినోళ్ళే గదా సముద్రంలోకి పొయ్యేది."

"నోరు ముయ్యి. పువ్వు ఏరు."

"పోయిన మనిషికి కర్మ చెయ్యకుండా, ఇంట్లో పండగ చేసి నైవేద్యం పెడితే, గంగమ్మ తల్లి తింటాదా అత్తా?"

"తింటాది. తల్లికి తెలవనిది ఏముంది?"

"నేనడిగేది అది కాదు."

"నేను చెప్పేదీ... ఆ గుడ్డ సరిగ్గా పట్టుకో, పువ్వంతా నేలపాలు!"

"ఇట్టా చూడత్తా. రేపు నేను గాజులు తీసేస్తాను."

"తియ్యి! మీ మామ పోయినాక నన్ను కూర్చోబెట్టినట్టు నువ్వూ మూల కూర్చో. పెళ్ళిళ్ళకి ఎదురు రాబాక, పసుపు ముట్టబాక. ఈ వయసులో! నేను బతికుండగా ఒప్పుకోనే."

"నాకు ఆశ ఎప్పుడో పొయ్యిందత్తా. ఈ బొట్టు నీ కోసరమే పెట్టుకుంటుండాను. తీసేస్తే నీ గుండె ఆగిపోతాదని."

"నా కోసరమా?"

"మరెవురి కోసరం?"

"నేను... నీ కోసరం గదే..."

"ఏందత్తా? ఏడవబాక. ఏందో చెప్పు."

"తుపాను తగ్గినాక వాడు ఏరు సముద్రంలో కలిసే మొగ కాడ ఒడ్డుకొచ్చినాడే. నేనొక్కదాన్నే చూసినాను. కళ్ళల్లో ఇసక పడకుండా నా కొంగు చించి కప్పి, నా చేతుల్తోనే పూడ్చినానే, అమ్మే."