భూషణం గారి సున్నా

అధ్యక్షులు నారాయణమూర్తి గారికి, ముందు వరుసలోని పెద్దలకు, ఈ సభ కోసమే మాయాబందర్ నుంచి లాంచీలో వచ్చిన అప్పయ్యకు, కాళమ్మకు, కుర్చీలు చాలక గోడల వెంట నిలబడ్డ మిత్రులకు, మెడలో దండ తీసి ఒళ్లో పెట్టుకుని తల దించుకు కూర్చున్న మన భూషణం గారికి నమస్కారం. భూషణం గారూ, మీకు కుడి చెవి వినిపించదని తెలిసే, ఎడమ చెవి నావైపు ఉండేలా కుర్చీ వేయించాను. ఈ రోజు తప్పించుకోలేరు. (నవ్వులు)

హాడో బడిలో తెలుగు చెప్పుకునే నా చేత తన సినిమాలకు వ్యాఖ్యానం చదివించిన మనిషి ఈయన. ఆఫీసు ఫోటోగ్రాఫరుగా ఈ దీవులకు వచ్చి, అధికారులు రిబ్బన్లు కత్తిరించడం, కొత్తగా వచ్చినవాళ్లు అడవి కొట్టి వరి వేయడం, అన్నీ తీశాక, నీళ్ల కింద ఏముందో చూడాలని పట్టుబట్టారు. అడిగి నేర్చుకుందామంటే నీళ్లలో సినిమా తీసినవాళ్లు ఆ రోజుల్లో ఇక్కడ మాకు తెలిసి ఎవరూ లేరు. రేకు పెట్టె చేయించి, ముందు అద్దం బిగించి, సైకిలు ట్యూబు రబ్బరుతో అంచులు మూసి, అందులో కెమెరా పెట్టుకుని దిగారు. మొదటి పెట్టె కెమెరాతో సహా ఉప్పునీళ్లు తాగింది. ఆఫీసులో చీవాట్లు తిని, ఇంకో పెట్టె చేయించుకుని మళ్లీ దిగారు.

పడవలో ఒకరు పంపు కొడుతుంటే గొట్టంలోంచి గాలి పీల్చుకోవాలి. నడుముకు తాడు. దాని రెండో కొస ఇదిగో, ఈ అప్పయ్య చేతిలో. బొటనవేలు, చూపుడువేలు కలిపి గుండ్రంగా చుడితే 'అంతా బాగుంది' అని అర్థమట. అది భూషణం గారు ఏదో పుస్తకంలో చూసి నేర్చుకున్నారు గానీ, అప్పయ్యకు చెప్పడం మరిచిపోయారు. అడుగున అద్దం ఉన్న డబ్బా నీళ్లలో ఆనించి చూస్తున్న అప్పయ్యకు కనిపించింది సున్నా. గాలి సున్నా అనుకున్నాడు! తాబేలు ఎదురుగా వచ్చి నిలబడితే, కెమెరా తిరుగుతుండగానే మనిషిని పైకి లాగి పడవలో పడేశాడు. (నవ్వులు) ఈయన తెలుగులో కొంత, హిందీలో కొంత తిట్టిపోస్తే, "సున్నా సూపిత్తే మరేటనుకోవాల బాబూ?" అన్నాడట.

మాయాబందర్‌లో దుప్పటి కట్టి ఆ సినిమా వేసిన రోజు నేనూ ఉన్నాను. చేపలమ్ముకునే ఈ కాళమ్మ తెర దగ్గరికి వెళ్లి నిలబడిపోయింది. "సచ్చిన సేపల్ని తట్టలకొద్దీ సూసినాను గానీ, బతికిన సేప ఇంత తీరుబడిగా తిరగడం ఇదే సూడ్డం. మన గంగమ్మ ఇంటిలోపల ఇంత సక్కగుంటాదా బాబూ?" అంది. నేను రాసుకెళ్లిన వ్యాఖ్యానం ఆ మాట ముందు వెలవెలబోయింది.

తర్వాత అప్పయ్యకు సైగ బోధపరిచారు. అయినా ఒకసారి గొట్టం పగడపు రాళ్ల మధ్య నొక్కుకుపోయి గాలి సన్నగిల్లింది. ఈయన మాత్రం వేళ్లు చుట్టి చూపించారు, బాగుందని. కెమెరాలో ఇంకా కాస్త ఫిల్ము మిగిలిందట! అప్పయ్య లాగేశాడు. చెవిలోంచి రక్తం కారుతుంటే కూడా ఈయన, "బాగుందన్నాను కదరా" అన్నారు. "సెయ్యి బాగుందన్నాది బాబూ, కాళ్లు కొట్టుకుంటన్నాయి" అన్నాడు అప్పయ్య. చెవి పోయింది గానీ మనిషి మనకు దక్కారు.

ఎల్లుండి ఓడలో ఈయన వైజాగులో అన్నగారింటికి వెళ్లిపోతున్నారు, ఇక రాకుండా. "నీళ్లలో దిగొద్దన్నారు డాక్టర్లు. ఇక్కడ నాకేం పని? అక్కడ బాగుంటుంది" అని మొన్న మా ఇంటికొచ్చి చెప్పారు. చెబుతూ వేళ్లు చుట్టారు. ఆ సైగ నాకు నచ్చలేదు. ఏం పని ఏమిటండీ? పెట్టెల నిండా ఫిల్ములున్నాయి. అందులో ఏ చేప ఎక్కడిదో చెప్పేవారు మీరు కాక ఎవరు? మీరు పక్కన లేకుండా నేను వ్యాఖ్యానం చదవలేను. సభలో అనకూడదేమో గానీ, మీరు వెళ్తుంటే నాకు ఏడుపొస్తోంది.

(ఆయన వైపు తిరిగి) భూషణం గారూ, అందరి ముందూ అడుగుతున్నాను. వెళ్లడం మీకు బాగుందా?

అదిగో, చూడండి, వేళ్లు చుట్టి చూపిస్తున్నారు! అప్పయ్యా, చెయ్యి కాదు, ఆ కళ్లు చూసి చెప్పు.

(అప్పయ్య, కూర్చున్నచోటి నుంచే) "బిల్కుల్ సున్నాయే దీదీ!"

మరి కూర్చున్నావేం? లాగు!

(చప్పట్లు) వీడ్కోలు సభ పెట్టిన నారాయణమూర్తి గారు నన్ను మన్నించాలి. ఓపిగ్గా విన్న మీ అందరికీ కృతజ్ఞతలు. ఇక సెలవు. నాకు మాత్రమే.