కంట్రోల్ రూమ్‌లో వాసంతి ఆంటీ

హలో… ఆ, నేనే, సాకేత్‌ని… ఏంటి రాజగోపాల్ అంకుల్, ఆంటీ గొంతు ఫైళ్ళన్నిట్లోనూ గరగరేనా?

అన్నీనా? …ఒక్కటి కూడా బాగాలేదా?

లేదు లేదు, చెప్పండి. పనిలో, వేర్‌హౌస్‌లో ఉన్నా. బ్రేకే.

…క్లినిక్ వాళ్ళు కుదరదన్నారా? …అవునంకుల్, తెలుసు. గొంతు ఆపరేషనయ్యాక ఆంటీ టైప్ చేస్తే మెషీన్ ఆంటీ గొంతుతోనే పలకాలంటే… శుభ్రమైన రికార్డింగ్ కావాలి…

హెడ్‌ఫోన్స్ మార్చి చూశారా? …కాదు, ఊరికే అడిగా.

ఫోన్లో పాత వాయిస్ మెసేజ్‌లేమైనా… "సరే", "ఉంటా" తప్ప ఇంకేం ఉండవా… అవును, ఆంటీ అంతే కదా.

—

ఆ కార్ల గేమ్‌కి గొంతు అలా గరగరగానే ఉండాలంకుల్. దొంగ కారు పారిపోతుంటే పోలీసు కంట్రోల్ రూమ్ నుంచి వైర్‌లెస్‌లో మాటలొస్తాయి. ఆ పాత గేమ్‌లో తెలుగు పోలీసుల మాటలు పెడదామని, మీ బేస్‌మెంట్‌లో అద్దెకున్నప్పుడు ఆంటీ చేత చదివించాను కదా. "ఎర్ర కారు"… "ఎడమకి తిరిగింది"… "దారి మూసేయండి"… అలా ముక్కలు ముక్కలుగా.

…ఆ, "బండి ఆపరా వెధవా" కూడా. అది నేను రాయలేదు. ఆంటీయే కలిపారు.

…నవ్వకండి అంకుల్… ఓ… నవ్వడం లేదా…

—

ఆంటీ ఎలా ఉన్నారు? …బోర్డు మీద రాసి చూపిస్తున్నారా… ఏం రాశారు?

…"సాకేత్ తిన్నాడా" అనా.

…తిన్నానని చెప్పండి.

తనీష్‌ని అడగాలా? వాడికేం తెలీదంకుల్. ఆ గేమ్‌లో నాతోపాటు కార్ల రంగులు మార్చిన ఫ్రెండంతే. వాణ్ణి అడగొద్దు.

మీరా? …మీరెందుకు చెడగొడతారు? కాపీ చేసేటప్పుడు ఏం నొక్కినా అలా అవదంకుల్… వద్దు, వద్దు. మీ వల్లే పోయిందని ఆంటీకి చెప్పకండి. ప్లీజ్.

…స్పీకర్‌లో పెట్టారా? …ఆంటీ వింటున్నారా?

…

ఆంటీ… నమస్తే ఆంటీ.

…

అంకుల్ ఏం చేయలేదు. ఆ గరగర నేనే ఎక్కించాను. అచ్చం వైర్‌లెస్ సెట్‌లా వినపడాలని ఫైళ్ళన్నిటికీ ఒకేసారి ఎఫెక్ట్ వేసి, అసలు వాటి మీదే సేవ్ కొట్టేశాను. వేరే కాపీ లేదు. ఆపరేషన్‌కి ముందు అంకుల్ అడిగితే, అన్నీ భద్రంగా ఉన్నాయి, ఆంటీని మళ్ళీ చదివించి ఇబ్బంది పెట్టొద్దన్నాను. ఆ సాయంత్రమే తెరిచి వింటే అన్నీ గరగరే. అప్పటికి ఇంకా మీకు గొంతుంది ఆంటీ. సాఫ్ట్‌వేర్‌తో తీసేయొచ్చులే అనుకున్నాను… భయపడి ఊరుకున్నాను. అప్పట్నుంచీ తీస్తూనే ఉన్నా. గరగర తగ్గుతోంది, దాంతోపాటు మీరూ తగ్గిపోతున్నారు. ఆ రోజు నేను ఒక్క ఫోన్ చేసుంటే మీరు మళ్ళీ చదివేవారు… చేయలేదు ఆంటీ.